బుల్లీ కథ చివర్లో ఏమవుతుంది? టీసీ ఇచ్చి పంపేసిన జిమ్మీ మళ్లీ స్కూల్లో అడుగుపెడతాడా?

తమ్ముడూ, నీ ప్రశ్న ఇదీ కదా: దసరా సెలవులకి హాస్టల్ నుంచి బ్రాడీపేటలో ఇంటికొచ్చావు, ఫోన్లో బుల్లీ అనే వీడియో గేమ్ ఆడుతున్నావు, అయిదో అధ్యాయంలో హీరో జిమ్మీకి టీసీ ఇచ్చి పంపేశారు, ఆ తర్వాత మ్యాప్‌లో మిషన్ (కథ ముందుకెళ్లడానికి పూర్తి చెయ్యాల్సిన పని) గుర్తు కనపడట్లేదు. ఇంకో మూడు రోజుల్లో నువ్వు మళ్లీ హాస్టల్‌కి, ఫోను మీ అమ్మగారి బీరువాలోకి. ఈలోపు ఆట పూర్తి కాకపోయినా కనీసం కథ ఎలా ముగుస్తుందో చెప్పమన్నావు. విలన్ గ్యారీకి శిక్ష పడుతుందా, ఆరో అధ్యాయం 'ఎండ్‌లెస్ సమ్మర్' అంటే ఇంకో కథా అని కూడా అడిగావు.

చెప్తాను. విజయవాడ సత్యనారాయణపురంలో 2007 నుంచి 2013 దాకా నాకో నెట్ సెంటర్ ఉండేది. ఎనిమిది సిస్టమ్‌లు, ఓ మూలన రెండు ప్లేస్టేషన్‌లు. ఇప్పుడు గవర్నర్‌పేటలో కంప్యూటర్లు రిపేరు చేసుకుంటున్నా. ఈ ఆట చివరి మిషన్ నేను స్వయంగా ఆడింది మూడుసార్లే. పిల్లల కుర్చీల వెనక నిలబడి చూసింది మాత్రం లెక్కలేదు.

ముందు నీ ఫోను సంగతి తేలుద్దాం. ఈ ఆటలో అన్ని మిషన్లూ రోజంతా దొరకవు. కొన్ని పగలే, కొన్ని సాయంత్రమయ్యాకే. మ్యాప్ ఖాళీగా ఉందంటే ఆట పాడైందని కాదు, వేళ కాలేదని. అక్కడ గంటంటే మనకి సుమారు ఒక నిమిషం. కాస్త సైకిలేసుకుని ఊళ్లో తిరుగు, గుర్తు అదే వస్తుంది. ఒకటే జాగ్రత్త. రాత్రి 11 దాటితే బయట కనపడ్డవాణ్ని పట్టుకుంటారు, 2 గంటలకల్లా జిమ్మీ ఎక్కడుంటే అక్కడే నిద్రతో కూలిపోతాడు. నీకు కొత్తేం కాదులే, మీ హాస్టల్లో స్టడీ అవర్ కూడా దాదాపు ఇంతే.

ఇక కథ. ఇది చదివే మిగతావాళ్లకి కూడా అర్థం కావాలి కాబట్టి వెనక్కెళ్లి రెండు ముక్కలు చెప్పి వస్తాను.

జిమ్మీ హాప్కిన్స్‌కి 15 ఏళ్లు. అప్పటికే ఏడు స్కూళ్ల నుంచి గెంటేశారు. వాళ్లమ్మ కొత్తగా పెళ్లి చేసుకుని ఏడాదిపాటు హనీమూన్‌కి పోతూ, పోతూ వీణ్ని బుల్‌వర్త్ అకాడమీ గేటు దగ్గర దింపేసి పోతుంది. ఆట మొదలయ్యేదే ఆ కారులో. నాకు తెలిసిన హాస్టల్ పిల్లలు సగంమంది ఆ మొదటి దృశ్యం దగ్గరే ఈ ఆటకి పడిపోయారు. పెట్టె చేతిలో పెట్టి కారు తిప్పుకుని వెళ్లిపోవడం వాళ్లకి ఎవరూ వివరించక్కర్లేదు.

లోపల గ్యారీ స్మిత్ అనేవాడు స్నేహం చేస్తాడు. స్కూలంతా తిప్పి చూపిస్తాడు, ఎవరు ఏ గుంపో చెప్తాడు. వాడితో పాటే పీట్ అని ఒక మెతక కుర్రాడు. మొదటి అధ్యాయం చివర్లో గ్యారీ నమ్మించి జిమ్మీని నేలమాళిగలోకి తీసుకెళ్లి రసెల్ అనే కొండలాంటివాడి మీదికి వదుల్తాడు. జిమ్మీ రసెల్‌ని కొట్టి గెలుస్తాడు. అక్కణ్ణుంచి గ్యారీ కంటికి పెద్దగా కనపడడు. రసెల్ మాత్రం కొట్టించుకున్న చేత్తోనే జిమ్మీకి జతకడతాడు. ఇది గుర్తుంచుకో, చివర్లో పనికొస్తుంది.

రెండు నుంచి నాలుగో అధ్యాయం దాకా ఒకటే పని: ఒక్కో గుంపునీ లొంగదీసుకోవడం. డబ్బున్న పిల్లల నాయకుడు డెర్బీ, బైకు జాకెట్ల బాపతు జానీ, పుస్తకాల పురుగుల పెద్ద ఎర్నెస్ట్, ఆటల జట్టు కెప్టెన్ టెడ్. నాలుగో అధ్యాయం అయ్యేసరికి స్కూలంతా జిమ్మీ చెప్పుచేతల్లో ఉంటుంది. వాడు చెప్పేది ఏమిటంటే, నేను అందర్నీ కొట్టింది ఇక ఎవరూ ఎవర్నీ కొట్టకుండా ఉండాలనే అని.

అసలు ముగింపు అక్కడ మొదలవుతుంది. చాలామంది చివరి మిషన్నే ముగింపు అనుకుంటారు. నా లెక్కలో అయిదో అధ్యాయం మొత్తం ముగింపే. దాని పేరే 'పదిహేనేళ్ల జిమ్మీ హాప్కిన్స్ పతనం, ఉత్థానం' అని పెట్టారు. పతనం ముందు రాశారు, చూడు.

పేరొచ్చింది కదా, వాడికి నెత్తికెక్కుతుంది. టౌన్ హాలు గోడ మీద రంగు కొడతాడు. ఆ తర్వాత స్కూల్లో వరసగా ఉపద్రవాలు. లైబ్రరీ నిండా ఎలుకలు. జిమ్‌కి నిప్పు. డబ్బున్న పిల్లల ఇంటిమీద దాడి, వాళ్ల ట్రోఫీలు పోవడం. జానీని తీసుకెళ్లి ఊరి చివర పిచ్చాసుపత్రిలో పడేస్తారు. ఇవేవీ జిమ్మీ చేసినవి కావు. కానీ ప్రతి గుంపూ వాడి మీదే పడుతుంది: నువ్వే కదా పెద్దవి, నీ చేతిలోనే ఉంది కదా అంతా, మరి మాకిలా ఎందుకైంది? నిన్నటిదాకా వెనక తిరిగినవాడు ఇవాళ ఎదురుపడితే మొహం తిప్పుకుంటాడు. చివరికి ప్రిన్సిపాల్ క్రాబుల్‌స్నిచ్ పిలిచి టౌన్ హాలు గోడ సంగతి ఎత్తి, టీసీ చేతిలో పెడతాడు.

నువ్వు ఇక్కడ ఆగిపోయావు. ఆడబుద్ధి కావట్లేదన్నావు. అది నీ తప్పు కాదు, ఆట తయారుచేసినవాళ్లు కావాలనే అలా చేశారు. అప్పటిదాకా గంటల తరబడి కష్టపడి గెలుచుకున్నది పది నిమిషాల్లో లాగేసుకుంటే ఎవడికైనా కడుపు మండుతుంది. నా షాపులో ఒకడు హెడ్‌ఫోన్లు బల్లమీదికి గిరాటేసి డబ్బులివ్వకుండా వెళ్లిపోయాడు. మర్నాడు వచ్చి రెండు గంటలవీ కలిపి ఇచ్చాడనుకో.

బయటపడ్డాక జిమ్మీకి తోడు దొరికేది జోయీ టేలర్ అనే అమ్మాయి. తనూ ఒకప్పుడు అదే స్కూలు. పీఈటీ మాస్టారు బర్టన్ తనతో వెకిలిగా ప్రవర్తించాడని ఫిర్యాదు చేస్తే, మాస్టార్ని వదిలేసి ఈ అమ్మాయిని పంపేశారు. ఈ విషయం ఆటలో రెండు మాటల్లో వచ్చిపోతుంది. చాలామంది పిల్లలు బటన్ నొక్కి ఆ సంభాషణ దాటేస్తారు. దాటెయ్యకు. ముగింపు అర్థం కావాలంటే ఆ రెండు మాటలే తాళంచెవి. ఆ స్కూల్లో ఎవరైనా వెళ్లి పెద్దాయనకి నిజం చెప్తే ఏమవుతుందో మనకి ముందే చూపించారు.

ఊళ్లో చదువు మానేసి తిరిగే కుర్రాళ్ల గుంపు ఒకటుంది. వాళ్ల నాయకుడు ఎడ్గర్. స్కూల్లో జరిగిన అఘాయిత్యాలన్నీ వాళ్ల చేత చేయించారని తెలుస్తుంది. జిమ్మీ రసెల్‌ని వెంటేసుకుని ఫ్యాక్టరీల పేటలో ఉన్న కెమికల్ ప్లాంట్‌కి వెళ్తాడు. అక్కడ ఎడ్గర్‌తో కొట్లాట. ఓడిపోయాక గానీ ఎడ్గర్ నోరు విప్పడు. వెనకుండి ఆడించింది గ్యారీ. వాళ్లనీ వాడుకున్నాడని తెలిశాక ఎడ్గర్ జిమ్మీ పక్షానికి వస్తాడు.

కెమికల్ ప్లాంట్ కాస్త కష్టం. చేతికి ఏది దొరికితే అది తీసుకో, కానీ మొండిగా మీదికి పోకు. ఎడ్గర్ చేతిలో ఇనప గొట్టం ఉంటుంది, వాడు ఊపిన తర్వాత ఒక క్షణం ఖాళీ. ఆ ఖాళీలోనే నీ దెబ్బ.

ఇక చివరి రెండు మిషన్లు. ఇవి ఒకదాని వెంట ఒకటి వస్తాయి కాబట్టి గంట టైము చేతిలో పెట్టుకుని కూర్చో.

మొదటిదాంట్లో స్కూలు రణరంగం. గుంపులన్నీ ఒకదాన్నొకటి కొట్టుకుంటుంటాయి. జిమ్మీ, రసెల్ లోపలికి చొరబడి ఆ నాయకులందర్నీ మళ్లీ లొంగదీస్తారు. ఏడాదంతా ఒక్కొక్కణ్ణే గెలిచినవాడు ఇప్పుడు అందర్నీ ఒకే సాయంత్రం గెలవాలి. రసెల్ పక్కనుండబట్టి ఇది కనిపించినంత కష్టం కాదు. గ్యారీ చేసిన తప్పుల్లో మొదటిది రసెల్. వాణ్ని ఆయుధంలా వాడుకుని పారేశాడు, ఆ ఆయుధమే తిరిగొచ్చింది.

రెండోది గ్యారీతో. మెయిన్ బిల్డింగ్ దగ్గర వాడు దొరికి, దాక్కోవడం ఏమీ లేకుండా గొప్పలు చెప్పుకుంటాడు: ఇదంతా నేనే చేశాను, అందర్నీ నేనే ఆడించాను, ప్రిన్సిపాల్ కూడా నా బొమ్మే అని. చెప్పి పైకి పరిగెడతాడు. నువ్వు వెంటపడాలి. భవనం చుట్టూ పరంజా కట్టి ఉంటుంది, దాని మీదుగా ఎక్కాలి. పైనుంచి వాడు వస్తువులు విసుర్తుంటాడు. తొందరపడకు. విసిరింది కిందపడ్డాక కదులు. ఫోన్లో ఈ భాగంలో వేలు జారి కిందపడటం ఎక్కువ, కాబట్టి పరిగెత్తే బటన్ వదిలేసి నడుచుకుంటూ ఎక్కు. పైన కొట్లాట మాత్రం తేలిక. నిజం చెప్పాలంటే మరీ తేలిక. రసెల్‌తో మొదటి అధ్యాయంలో పడ్డ కష్టంలో సగం కూడా ఉండదు. నాకు చాలాకాలం అది లోపంగా అనిపించేది. తర్వాత తోచింది: గ్యారీ ఎప్పుడూ సొంత చేత్తో ఎవర్నీ కొట్టలేదుగా. వాడికి కొట్లాట రాదు. ఇంకొకడి చేత కొట్టించడమే వచ్చు.

కొట్లాట చివర ఇద్దరూ కలిసి అద్దాల పైకప్పు పగిలి కింద గదిలో పడతారు. ఆ గది ప్రిన్సిపాల్‌ది. ఆయన కాళ్లూ చేతులూ కట్టేసి ఉంటాయి. కట్టేసింది గ్యారీయే.

ఇక్కడ నా షాపులో జరిగింది చెప్పాలి.

2010లో అనుకుంటా, ఎండాకాలం ముందు. ప్రతి ఆదివారం ఔటింగ్ పాస్ మీద ఒక ఇంటర్ కుర్రాడు వచ్చేవాడు. ఊరి బయట హాస్టల్. తల నున్నగా గొరిగించి ఉండేది, చేతి గడియారం విప్పి కీబోర్డు పక్కన పెట్టుకుని, అది చూసుకుంటూ ఆడేవాడు. వారానికి రెండు గంటలే. ఆరేడు నెలలు అలా ఆడి చివరి మిషన్‌కి వచ్చాడు. ఆ రోజు వాడి వెనక ఇంకో అయిదుగురు నిలబడ్డారు. సరిగ్గా అద్దాలు పగలబోయే ముందు కరెంటు పోయింది. యూపీఎస్ కూతపెట్టడం మొదలెట్టింది. అది పాత బ్యాటరీ, ఎనిమిది సిస్టమ్‌లకి రెండు నిమిషాలు కూడా రాదు. నేను ఏం ఆలోచించలేదు, మిగతా ఏడు సిస్టమ్‌ల ప్లగ్గులూ వరసగా పీకేశాను. రైల్వే టికెట్ బుక్ చేసుకుంటున్న ఒకాయన నన్ను తిట్టిన తిట్లు ఇప్పటికీ గుర్తున్నాయి. ఆయనకి డబ్బులు వాపసిచ్చాను.

చీకటి గదిలో ఆ ఒక్క తెర వెలుగుతోంది. అద్దాలు పగిలాయి. ఇద్దరూ కిందపడ్డారు. కుర్చీకి కట్టేసిన ప్రిన్సిపాల్ కనిపించాడు. గ్యారీ వాగిన గొప్పలన్నీ ఆయన విన్నాడని అర్థమైంది. అప్పుడు ఆ కుర్రాడు గట్టిగా నవ్వి, "కట్టేస్తే గానీ వినలేదురా ఈ సారు!" అన్నాడు. వెనకున్న అయిదుగురూ ఒకటే అరుపులు.

నేను నవ్వలేదు. నా ఇంటర్ గుర్తొచ్చింది. మా హాస్టల్లో ఎవడో నీళ్ల ట్యాంకు పైపు విరగ్గొట్టాడు. విరగ్గొట్టినవాడు నా పక్క మంచంవాడే. పేరు మాత్రం నాది చెప్పారు. మా నాన్నని తెనాలి నుంచి పిలిపించారు. ఆయన పాసింజరు బండి పట్టుకుని, మధ్యాహ్నం అన్నం కూడా తినకుండా వచ్చి ఆఫీసు బయట బెంచీ మీద మూడు గంటలు కూర్చున్నాడు. లోపలికెళ్లాక ప్రిన్సిపాల్ నన్నేమీ అడగలేదు. నా వైపు చూడను కూడా లేదు. మా నాన్నతోనే మాట్లాడి, డబ్బు కట్టించుకుని పంపేశాడు. నేను నోరు తెరవబోతే నాన్నే నా చెయ్యి నొక్కాడు.

అందుకే ఈ ముగింపు గురించి నా అభిప్రాయం మిగతావాళ్లకి భిన్నం. నెట్‌లో చాలామంది అనేది, ముగింపు తొందరగా చుట్టేశారు, రెండు నిమిషాల్లో ప్రిన్సిపాల్ అందరికీ వరాలు ఇచ్చేస్తాడు అని. నిజమే. గ్యారీని స్కూల్ నుంచి పంపేస్తాడు. జిమ్మీని తిరిగి చేర్చుకుంటాడు. బర్టన్ ఉద్యోగం ఊడుతుంది. జోయీని మళ్లీ స్కూల్లోకి తీసుకుంటారు. పీట్‌ని హెడ్ బాయ్ చేస్తారు, మన భాషలో ఎస్‌పీఎల్. బయటికొచ్చాక జిమ్మీ, జోయీ ముద్దుపెట్టుకుంటారు, పిల్లలంతా చప్పట్లు. పేర్లు పడతాయి. అయిపోయింది. నువ్వడిగిన గ్యారీ శిక్ష కూడా అంతే: టీసీ. జైలూ లేదు, ఇంకేమీ లేదు.

తొందరే. ఒప్పుకుంటా. కానీ ఆ తొందరలోనే అసలు చురక ఉంది. ఏడాది పొడుగునా ఆ పెద్దాయన అదే భవనంలో కూర్చున్నాడు. కిటికీలోంచి చూస్తే కనపడేంత దూరంలో పిల్లలు తన్నుకున్నారు. జోయీ వెళ్లి చెప్పింది, వినలేదు. జిమ్మీని పిలిచాడు, అడగకుండానే తేల్చేశాడు. చివరికి నిజం ఆయనకి చేరింది జిమ్మీ చెప్పబట్టి కాదు, గుంపులు చెప్పబట్టి కాదు. లేచి వెళ్లిపోవడానికి వీల్లేని స్థితిలో ఉండి, నేరస్తుడి నోటితోనే విన్నాడు కాబట్టి. ఒక్కసారి విన్నాక పరిష్కారం రెండు నిమిషాల పని. మరి అంతకుముందు ఎన్ని నెలలు పట్టింది? చుట్టేశారు అని విసుక్కునేవాళ్లు ఈ లెక్క వేసుకుని మళ్లీ చూడాలి.

ఆ స్కూలు నినాదం లాటిన్‌లో 'కానిస్ కానెమ్ ఎడిట్', అంటే కుక్కని కుక్క తింటుంది అని. 2006లో ఆట వచ్చినప్పుడు పేరు మీద గొడవై, బ్రిటన్‌లో ప్లేస్టేషన్ 2 డిస్కు మీద బుల్లీ అని కాకుండా ఈ లాటిన్ మాటే పేరుగా వేశారు. మా మాస్టారొకాయన దీన్ని మత్స్యన్యాయం అనొచ్చు కదరా అన్నాడు. కాదు, తేడా ఉంది. మత్స్యన్యాయంలో పెద్ద చేప చిన్న చేపని మింగుతుంది. ఇక్కడ కుక్కా కుక్కే, రెండూ సమానం. జిమ్మీకి, గ్యారీకి ఉన్న పోలిక అదే. ఇద్దరూ స్కూలు మొత్తాన్ని తమ చేతిలోకి తెచ్చుకోవాలనే చూశారు. ఒకడు చేత్తో, ఇంకొకడు నోటితో. జిమ్మీ అందర్నీ కొట్టి శాంతి తెచ్చానన్నాడు, ఆ శాంతి నాలుగు పుకార్లకి కూలిపోయింది. అయిదో అధ్యాయంలో వాడు మొదటిసారి ఇంకొకళ్ల సాయం అడుగుతాడు. రసెల్, జోయీ, చివరికి ఎడ్గర్. పైకప్పు మీద గెలిచినదానికన్నా నాకు ఆ అడగడమే నచ్చింది.

నచ్చనిది కూడా చెప్పాలి. గ్యారీ మొదట్లోనే తనకి ఏకాగ్రత నిలవని జబ్బుందని, మందులు మానేశానని చెప్తాడు. ఆ తర్వాత వాడి దుర్మార్గమంతా మందులు మానేయబట్టే అన్నట్టు కథ నడుస్తుంది. ఇది రాసినవాళ్ల బద్ధకం. అలాంటి మందులు వాడే పిల్లలు మన ఇళ్లల్లోనూ ఉన్నారు, వాళ్లెవరూ స్కూళ్లు తగలబెట్టట్లేదు. గ్యారీ అలా తయారవడానికి ఆ స్కూలే సరిపోతుంది, మాత్రల సీసా అక్కర్లేదు.

ఇంకోటి, మీ అమ్మగారికి ఆట పేరు చూసే భయం అన్నావు. విడుదలకి ముందు అమెరికాలో ఒక లాయరు కోర్టుకి కూడా వెళ్లాడు, జడ్జిగారు ఆట చూసి అమ్మకం ఆపక్కర్లేదన్నారు. బ్రెజిల్‌లో 2008లో నిషేధించారు. ఇందులో తుపాకీ లేదు, ఎవరూ చావరు. ఉండేలు, టపాకాయలు, దురదపొడి, గోలీలు. పొద్దున తొమ్మిదిన్నరకి ఒక క్లాసు, మధ్యాహ్నం ఒంటిగంటకి ఒక క్లాసు. ఎగ్గొడితే పట్టుకుంటారు. ఇంగ్లీషు క్లాసు పాసైతే తప్పు చేసినప్పుడు క్షమాపణ చెప్పి తప్పించుకోవడం బాగా వస్తుంది, కెమిస్ట్రీ పాసైతే టపాకాయలు తయారుచేసుకోవచ్చు. మీ అమ్మగారికి మొదటిది చెప్పు, రెండోది చెప్పకు.

ఎండ్‌లెస్ సమ్మర్ గురించి. అది ఆరో అధ్యాయమే గానీ కొత్త కథ లేదు. పేర్లు పడ్డాక ఆట మళ్లీ నీ చేతికి వస్తుంది, స్కూలూ ఊరూ అన్నీ తెరిచి ఉంటాయి. మిగిలిపోయిన క్లాసులు, సైకిలు పందేలు, పేపర్లు వెయ్యడం, గడ్డి కోయడం లాంటి పనులు, దాచిపెట్టిన వస్తువులు వెతకడం. రబ్బరు బ్యాండ్లు 75, తోట బొమ్మలు 25, కార్డులు 40. నూటికి నూరు శాతం చెయ్యాలనే పిచ్చి ఉంటే తప్ప వీటికోసం సెలవు రోజులు పాడుచేసుకోకు. నీకున్న మూడు రోజుల్లో పద్ధతి ఇదీ: ఇవాళ ఎడ్గర్ దాకా, రేపు చివరి రెండూ. క్లాసులు వదిలెయ్, తర్వాతైనా చేసుకోవచ్చు. చివరి మిషన్‌కి ముందు పుస్తకం గుర్తు దగ్గర సేవ్ చెయ్యి, దారిలో మెషీన్ దగ్గర ఒక సోడా తాగించు, ఒంట్లో శక్తి నిండుతుంది. ఫోను చార్జింగ్‌లో పెట్టే ఆడు. ఎందుకో నీకు చెప్పక్కర్లేదు.

మీ కజిన్ కంప్యూటర్లో ఆడదామంటే మధ్యలో ఆగిపోతోందని రాశావు కదా. 2008లో వచ్చిన స్కాలర్‌షిప్ ఎడిషన్ విండోస్ 10 మీద అలాగే చేస్తుంది. సైలెంట్‌ప్యాచ్ అని ఒక చిన్న ఫైలు ఉచితంగా దొరుకుతుంది, ఆట ఫోల్డరులో వేస్తే ఆ ఇబ్బంది చాలావరకు పోతుంది. వారానికొకరు ఈ పని మీద నా షాపుకొస్తారు. నీ ఫోన్లోది 2016 డిసెంబరులో వచ్చిన ఆనివర్సరీ ఎడిషన్, దానికి ఇదేమీ అక్కర్లేదు. రెండింట్లోనూ కథ ఒకటే, ముగింపు ఒకటే. రెండో భాగం రాలేదు. ఈ ఆట తీసిన రాక్‌స్టార్ కంపెనీ వాంకూవర్ ఆఫీసునే 2012లో మూసేసి టొరంటోలో కలిపేశారు.

గ్యారీ తర్వాత కనపడతాడా అని నీకొక్కడికే కాదు అనుమానం. ఆ నున్నటి తల కుర్రాడు ఆట అయిపోయాక కూడా ఇంకో రెండు ఆదివారాలు వచ్చాడు. కొత్త ఆట పెట్టమంటావా అంటే వద్దన్నాడు. ఎండ్‌లెస్ సమ్మర్‌లో జిమ్మీని స్కూలంతా తిప్పాడు. హాస్టల్ గదులు, లైబ్రరీ, నేలమాళిగ, జానీని పడేసిన పిచ్చాసుపత్రి గేటు. ఏం వెతుకుతున్నావురా అన్నాను. "గ్యారీ ఎక్కడికి పోయాడో చూద్దామని అన్నా. వాడికీ ఇంకో స్కూలు చూడాలి కదా వాళ్లమ్మా వాళ్లు" అన్నాడు. లేడురా, వాణ్ని ఆటలోంచి తీసేశారు అన్నాను. గడియారం చేతికి పెట్టుకుని, ముప్పై రూపాయలు బల్లమీద పెట్టి, అయిదో నంబరు బస్సుకి టైమైందని వెళ్లిపోయాడు.